ట్రంకు పెట్టె ఖాళీ అయింది, ఇల్లు తేలికపడలేదు

ప్రశ్న: నా వయసు 39. రెండేళ్ల క్రితం మా అమ్మ పోయాక ఆవిడ ఇల్లు ఖాళీ చేసే పని మొత్తం నా ఒక్కదాని మీదే పడింది. నెలన్నర పట్టింది. ఆ తరువాత మినిమలిజం, అంటే తక్కువ వస్తువులతో బతకడం గురించి చదవడం మొదలుపెట్టి, మా ఇంట్లో అక్కర్లేనివన్నీ తీసేస్తూ వచ్చాను. నా బట్టలు మూడో వంతుకు తగ్గాయి, పుస్తకాలు ఇచ్చేశాను, హాల్లో బల్ల, నాలుగు కుర్చీలు తప్ప ఇంకేమీ లేవు. రెండు నెలల క్రితం మా అత్తగారు పది రోజులు మా ఆడపడుచు ఇంటికి వెళ్లినప్పుడు, ఆవిడ మంచం కింద ఉండే ట్రంకు పెట్టెను ఖాళీ చేశాను. అందులో పదకొండేళ్ల క్రితం పోయిన మామగారి చొక్కాలు, కళ్లజోళ్లు, పాత లెక్కల పుస్తకాలు, పనిచేయని రేడియో ఉన్నాయి. బట్టలు ఎవరికో ఇచ్చేశాను, మిగతావి పాత సామాను కొనే అతనికి వేశాను. అత్తగారు వచ్చి చూసి ఒక్క మాట కూడా అనలేదు, కానీ అప్పటి నుంచి నాతో మాట్లాడటం మానేశారు. మావారు ‘నీకిది పిచ్చిగా మారింది’ అంటున్నారు. మా ఎనిమిదేళ్ల బాబు బొమ్మలను దిండు గలీబులో దాచుకుంటున్నాడు. పనికిరాని వాటిని ఇన్నేళ్లు దాచుకోవడం జబ్బు కాదా? నేను చేసింది అంత పెద్ద తప్పా? ఇంట్లో వాళ్లను ఈ దారికి ఎలా తేవాలి?

జవాబు: మీ మూడు ప్రశ్నలలో రెండవదానికి ముందు జవాబు చెప్పడం మంచిది, ఎందుకంటే దానిని దాటవేసి మిగతా రెండింటి గురించి ఎంత మాట్లాడినా ప్రయోజనం ఉండదు. అవును, మీరు చేసింది తప్పే. తక్కువ వస్తువులతో బతకాలనుకోవడంలో ఏ దోషమూ లేదు, ఆ పెట్టె మీది కాకపోవడమే ఇక్కడ దోషం. ఆవిడ ఊళ్లో లేని పది రోజులను మీరు ఎంచుకున్నారంటే, అడిగితే ఒప్పుకోరని మీకు ముందే తెలుసునన్న మాట. మీ అత్తగారి మౌనంలో సగం ఆ వస్తువులు పోయినందుకైతే, మిగతా సగం తన వెనుక ఈ పని జరిగినందుకని నేను అనుకుంటున్నాను. ఇంత సూటిగా చెబుతున్నందుకు నొచ్చుకోకండి. ఆ పెట్టెలో ఏమేమి ఉన్నాయో మీరు ఇంత వివరంగా గుర్తుపెట్టుకుని రాయడం చూస్తే, ఈ మాట మీ మనసు మీకు ఇప్పటికే చెప్పి ఉంటుందనిపిస్తోంది.

మీరు ఎంచుకున్న దారికి మినిమలిజం అనే పేరు రాకముందే, కొన్నాళ్లు భారతదేశంలో ఉండి గాంధీజీతో సన్నిహితంగా మెలిగిన రిచర్డ్ గ్రెగ్ అనే అమెరికన్ 1936లో దీనిని ‘స్వచ్ఛంద నిరాడంబరత’ అన్నారు. ఆ పేరులో అందరి కళ్లూ రెండో మాట మీదే పడతాయి గాని, బరువంతా మొదటి మాట మీదే ఉంది. స్వచ్ఛందంగా వదులుకుంటే అది నిరాడంబరత, మరొకరు వదిలిస్తే అది నష్టం. పతంజలి యోగసూత్రాలలో అపరిగ్రహాన్ని, అంటే అక్కర్లేనివి కూడబెట్టకపోవడాన్ని, యమాలనే కట్టుబాట్లలో ఒకటిగా చెప్పినప్పుడు కూడా అది సాధకుడు తనకు తాను పెట్టుకునే కట్టడిగానే ఉంది, ఇంట్లో వాళ్ల మీద అమలు చేసే నియమంగా కాదు. అందువల్ల మీ మూడో ప్రశ్నకు నా దగ్గర మీరు కోరుకునే జవాబు లేదు. ఇంట్లో వాళ్లను ఈ దారికి ‘తేవడం’ అన్నదే ఈ దారికి సరిపడని మాట.

ఆ పెట్టె మీ కంటికి చెత్తలా, ఆవిడ కంటికి నిధిలా ఎందుకు కనిపించిందన్నది తెలుసుకోదగిన విషయమే. డేనియల్ కానెమన్, జాక్ నెట్ష్, రిచర్డ్ థేలర్ అనే పరిశోధకులు 1990లో ప్రచురించిన ప్రయోగాలలో కొందరు విద్యార్థులకు మామూలు కాఫీ కప్పులు ఇచ్చి, వాటిని ఎంతకు అమ్ముతారని అడిగారు. కప్పులు అందని వారిని ఎంతకు కొంటారని అడిగారు. చేతికి వచ్చి కొద్దిసేపే అయినా, కప్పు ఉన్నవారు చెప్పిన ధర కొనేవారు చెప్పిన ధరకు దాదాపు రెట్టింపు ఉంది. నిమిషాల క్రితం చేతికొచ్చిన కప్పు విషయంలోనే ఇంత తేడా ఉంటే, దశాబ్దాలు కలిసి బతికిన మనిషి కళ్లజోడు విషయంలో ఎంత ఉంటుందో మీరే ఊహించుకోవచ్చు. మనుషులు తమ వస్తువులను తమలో ఒక భాగంగా భావిస్తారని రసెల్ బెల్క్ అనే పరిశోధకుడు 1988లో వాదించారు. మీ పాత పుస్తకాలు ఇచ్చేసేటప్పుడు మీరు కూడా ఒక్క క్షణం ఆగి ఉంటారు, ఆ క్షణం మీ అత్తగారికి దక్కలేదు.

ఇక అది జబ్బా అని అడిగారు. వస్తువులను వదల్లేకపోవడం ఒక రుగ్మతగా ఉండటం నిజమే. అమెరికన్ మానసిక వైద్యుల సంఘం 2013లో వెలువరించిన రోగనిర్ధారణ గ్రంథం ఐదవ కూర్పు దానిని ప్రత్యేక రుగ్మతగా చేర్చింది. అయితే దానికి లక్షణాలున్నాయి. విలువ ఉన్నా లేకపోయినా దేనినీ పారేయలేకపోవడం, పారేయాలంటే తీవ్రమైన వేదన కలగడం, గదులను వాటి పనికి వాడుకోలేనంతగా సామాను పేరుకుపోవడం, దానివల్ల జీవితం కుంటుపడటం లేదా ఇల్లు ప్రమాదకరంగా మారడం ఉండాలి. మంచం మీద పడుకోవడానికి చోటులేక కుర్చీలో నిద్రపోయే మనిషి వేరు, మంచం కింద ఒక్క పెట్టె పెట్టుకుని దాని పైన హాయిగా నిద్రపోయే మనిషి వేరు. మీరు రాసినదాన్ని బట్టి మీ అత్తగారిలో నాకు జబ్బు కనిపించడం లేదు, జ్ఞాపకం కనిపిస్తోంది. ఒకవేళ నిజంగా ఆ రుగ్మతే ఉన్నా, వారు లేనప్పుడు ఇల్లు ఖాళీ చేయడం సరైన చికిత్స కాదు. దానివల్ల నమ్మకం పోతుంది, వేదన పెరుగుతుంది, ఖాళీ అయిన చోటు మళ్లీ నిండుతుంది.

మీ వైపు న్యాయం కూడా చెప్పాలి. ఇల్లు చిందరవందరగా ఉంటే ఊపిరాడనట్లు ఉంటుందన్నది మీ భ్రమ కాదు. ఇద్దరూ ఉద్యోగాలు చేసే దంపతులపై జరిగిన అధ్యయనమొకటి 2010లో అమెరికాలో వెలువడింది. తమ ఇంటి గురించి చెప్పేటప్పుడు సామాను చెల్లాచెదురుగా ఉందనీ, పూర్తికాని పనులు ఉన్నాయనీ ఎక్కువగా చెప్పిన భార్యలలో, ఒత్తిడికి సంబంధించిన కార్టిజాల్ అనే హార్మోన్ పగలు గడిచేకొద్దీ తగ్గాల్సినంత తగ్గలేదని అందులో తేలింది. ఒకదానివల్లే మరొకటి జరిగిందని దానినిబట్టి తేల్చి చెప్పలేము. అయినా, బయటివారికి కనిపించని ఆ బరువు నిజమైనదేనని మీవారు గ్రహించాలి. ‘పిచ్చి’ అన్న ఒక్క మాటతో ఆయన పక్కకు తప్పుకోవడం సరికాదు. హాలు, వంటగది, అందరూ వాడే అలమారలు ఎలా ఉండాలన్నది ఇద్దరూ కూర్చుని తేల్చుకోవలసిన విషయం. మొత్తం శుభ్రం చేసే శ్రమ మీదైతే, అక్కడ ఎంత సామాను ఉండాలనే విషయంలో మీ మాటకు ఎక్కువ విలువ ఉండటం న్యాయమే.

ఇప్పుడు మీ లేఖలో నన్ను అన్నిటికంటే ఎక్కువసేపు ఆపిన వాక్యం దగ్గరకు వస్తాను. ‘నెలన్నర పట్టింది’ అని రెండు పదాల్లో రాసి ముందుకు వెళ్లిపోయారు. తల్లి బతికిన ఇంట్లో ఒంటరిగా కూర్చుని, ఆవిడ బీరువాలోని ఒక్కో వస్తువును చేతిలోకి తీసుకుని, ఉంచాలా పారేయాలా అని నెలన్నర పాటు వందలసార్లు తీర్పు చెప్పుకోవడం మామూలు పని కాదు. ఏడవడానికి కావలసిన తీరిక మీకు అప్పుడు దొరికి ఉండదు. ఆ తరువాత మొదలైన ఈ తీసివేతలో, రేపు మీ బిడ్డకు అలాంటి నెలన్నర రాకూడదనే ఆరాటం ఉందేమో, వస్తువు కంట పడితే చాలు ఆ గదులు మళ్లీ గుర్తొస్తున్నాయేమో ఆలోచించండి. నేను పొరపడవచ్చు. పొరపడకపోతే మాత్రం మీ ఇంట్లో ఇద్దరు స్త్రీలు ఒకే రకమైన దుఃఖాన్ని రెండు విధాలుగా మోస్తున్నారు. ఒకరు పెట్టెలో దాచుకుని మోశారు, మరొకరు ఇల్లంతా ఖాళీ చేస్తూ మోస్తున్నారు. వదులుకోవడం ఆరోగ్యమనీ దాచుకోవడం బలహీనత అనీ ఎవరు నేర్పారో గాని, దుఃఖం విషయంలో ఆ లెక్క పనిచేయదు.

చేయవలసిన పనుల్లో మొదటిది క్షమాపణ. అది చిన్నదిగా, వివరణలు లేకుండా ఉండాలి. ‘అత్తయ్యా, ఆ పెట్టె మీది. మిమ్మల్ని అడగకుండా, మీరు లేనప్పుడు తీశాను. తప్పు చేశాను’ అంటే చాలు. ‘మంచికే చేశాను, కాని’ అని మొదలుపెట్టిన క్షమాపణ వినేవారికి వాదనలాగే వినిపిస్తుంది. ఆవిడ వెంటనే మాట్లాడకపోవచ్చు, ఆ హక్కు ఆవిడకు ఉంది. ఆ పాత సామాను కొన్న వ్యక్తి దగ్గరకు, బట్టలు తీసుకున్న వారి దగ్గరకు మీరే స్వయంగా వెళ్లి అడగండి. రెండు నెలల తరువాత దొరికే అవకాశం తక్కువే గాని, లెక్కల పుస్తకం ఒక్కటి తిరిగొచ్చినా అది చిన్న విషయం కాదు. దొరక్కపోతే అలాంటి రేడియో ఇంకొకటి కొని తెచ్చి ఇవ్వాలన్న ఆలోచన మాత్రం దయచేసి పెట్టుకోకండి. మామగారి ఫొటోలు బంధువుల దగ్గర ఉంటే వాటిని సేకరించి ఇవ్వవచ్చు, అది కూడా ఆవిడను అడిగాకే. ఖాళీ పెట్టెను ఉన్నచోటనే ఉంచండి. దానిని ఏం చేయాలో ఆవిడే నిర్ణయిస్తారు.

బాబు విషయం ఆలస్యం చేయకూడదు. ఎనిమిదేళ్ల పిల్లవాడు బొమ్మలను దాచుకుంటున్నాడంటే తన ఇంట్లో తనది అంటూ ఏదీ భద్రం కాదని అనుకుంటున్నాడు. వాడికి ఒక అరను ఇచ్చి, దానిని వాడి అనుమతి లేకుండా ఎవరూ ముట్టుకోరని మాట ఇవ్వండి, ఆ మాట తప్పకండి. అర నిండితే ఏది ఉండాలో వాడే తేల్చుకుంటాడు. పెద్దవారు లాక్కోరన్న నమ్మకం కుదిరాక ఇచ్చేయడం పిల్లలకు అంత కష్టమేమీ కాదు.

మీ సాధనను మానుకోమని నేను అనడం లేదు, దానికి మిగిలిన పని మీ సొంత హద్దుల్లోనే కావలసినంత ఉంది. ఇంట్లోంచి ఏం బయటకు పోయిందో రాశారు గాని, ఈ రెండేళ్లలో ఏం లోపలికి వచ్చిందో రాయలేదు. సర్దుకోవడానికి ఒకే రంగు డబ్బాలు, తీసేసిన పది చొక్కాల స్థానంలో మూడు ‘మంచి’ చొక్కాలు, ఖాళీ హాలుకు నప్పే కొత్త బల్ల, ఇలా ఈ దారిలో కూడా కొనుగోళ్లు చాప కింద నీరులా వస్తాయి. దెనీ దిదెరో అనే ఫ్రెంచి రచయిత 1769లో రాసిన ఒక వ్యాసంలో, తనకు కొత్త అంగీ వచ్చాక దాని పక్కన పాత సామానంతా వెలవెలబోయి ఒక్కొక్కటే మార్చుకోవలసి వచ్చిందని వాపోయాడు. ఈ ధోరణికి 1988లో గ్రాంట్ మెక్‌క్రాకెన్ అనే పరిశోధకుడు దిదెరో పేరే పెట్టారు. ఆరు నెలలపాటు పారేయడం ఆపి, కొన్నవాటిని మాత్రం ఒక నోటు పుస్తకంలో రాసుకోండి. పారేసిన తృప్తి ఒక పూటలో కరిగిపోతుంది, కొనకుండా ఆగడంలో ఉన్న తేలికదనం అంత త్వరగా పోదు.

బల్ల మీద ఒక వస్తువు అదనంగా కనిపిస్తే దానిని తీసేసేదాకా నిలవలేకపోవడం, తీశాక కాసేపే ఊరట కలిగి మళ్లీ అదే వెతుకులాట మొదలవడం, దానివల్ల నిద్రగాని పనిగాని దెబ్బతినడం మీలో ఉంటే, క్లినికల్ సైకాలజిస్టును కలవండి. ఒకే ఆలోచన, ఒకే పని పదేపదే తరుముకొచ్చే ఆబ్సెసివ్ కంపల్సివ్ డిజార్డర్ కొందరిలో ఈ రూపంలో కూడా కనిపిస్తుంది, దానికి మంచి చికిత్స ఉంది. అదేమీ లేకపోయినా, మీ అమ్మగారి గురించి మాట్లాడుకోవడం కోసమే కొన్ని విడతలు కౌన్సెలింగ్‌కు వెళ్లడం మీకు మేలు చేస్తుందని నా అభిప్రాయం.

ఒక విషయం మీరు రాయలేదు. మీ అమ్మగారి ఇంట్లోంచి మీ కోసం ఏం తెచ్చుకున్నారు? ఏదైనా ఉంటే, క్షమాపణ చెప్పిన కొన్నాళ్లకు, ఆవిడ మీ మాట వినే స్థితిలో ఉన్న ఒక సాయంత్రం దానిని తీసుకెళ్లి మీ అత్తగారి పక్కన కూర్చుని చూపించండి. ఏమీ తెచ్చుకోకపోతే ఆ సంగతే ఆవిడకు చెప్పండి.