చక్రవర్తి అంటే మాస్ పాటలేనా?

"ఎన్టీఆర్ స్టెప్పుల పాటలు తప్ప చక్రవర్తి ఇంకేం చేశారు? అన్ని రకాలూ చేయగల సంగీత దర్శకుడని ఆయన్ని ఎందుకంటారు?" అని ఒకరు అడిగారు. నేను గుంటూరులో కీబోర్డ్ వాయిస్తాను. ముహూర్తాల సీజన్లో రిసెప్షన్లకి, పరిషత్తు పోటీలప్పుడు నాటకాలకి. ఆయన పాట లేకుండా మా ప్రోగ్రామ్ గడవదు కాబట్టి, నాకు తెలిసినంతలో చెప్తాను.

స్టేజీ మీదకి వచ్చే చీటీల్లో 'మల్లెపూవు'లోని 'చిన్నమాట' తరచూ ఉంటుంది. పాట అయ్యాక ఎవరో ఒక పెద్దాయన దగ్గరకొచ్చి "రమేష్ నాయుడు గారిది రమేష్ నాయుడు గారిదే" అని, ఇంకో సంగీత దర్శకుడి పేరు చెప్పి మురిసిపోతారు. చక్రవర్తిదండీ అంటే ఓ పట్టాన నమ్మరు. 1977లో ఎన్టీఆర్ 'యమగోల', 78లో 'మల్లెపూవు', 79లో మళ్లీ ఎన్టీఆర్ 'వేటగాడు', మూడూ ఆయన చేసినవే. 'వేటగాడు' పాటకి ఈలలు వేసే కుర్రాళ్లూ, 'చిన్నమాట'కి కళ్లు మూసుకుని తలూపే పెద్దలూ ఒకే షామియానా కింద కూర్చుంటారు. రెండూ ఒకే మనిషి చేసినవని ఇద్దరికీ తెలియదు.

ఆయనది మా పక్కనే, తాడికొండ దగ్గర పొన్నెకల్లు. అసలు పేరు కొమ్మినేని అప్పారావు. మద్రాసు వెళ్లి గాయకుడిగా, డబ్బింగ్ ఆర్టిస్టుగా పనిచేశాక, 1971లో 'మూగప్రేమ'తో సంగీత దర్శకుడయ్యారు. ఈ డబ్బింగ్ సంగతిని చాలామంది ఏదో చిన్న విశేషంలా చెప్పి వదిలేస్తారు. నాకైతే కిటుకంతా అక్కడే ఉందనిపిస్తుంది.

ఎందుకంటే నాటకానికి వింగ్ పక్కన కూర్చుని వాయించేటప్పుడు మొదట నేర్చుకోవాల్సింది ఎక్కడ ఆపాలన్నదే. నటుడు గొంతు తగ్గించి మాట్లాడుతుంటే నేను అదే శ్రుతి స్థాయిలో స్ట్రింగ్స్ (వయొలిన్ల లాంటి శబ్దం) పట్టుకుంటే మాట మునిగిపోతుంది. కింది స్వరం ఒక్కటి సన్నగా ఉంచి, అసలు డైలాగుకి ముందు చెయ్యి తీసెయ్యాలి. మైకు ముందు నిలబడి ఇంకొకరి పెదాలకి మాటలు అతికించిన మనిషికి ఈ లెక్క ఒకరు చెప్పక్కర్లేదు కదా.

'ప్రతిఘటన' (1985) చూడండి. బోర్డు మీద విద్యార్థులు గీసిన బూతుబొమ్మ చూసి లెక్చరర్ క్లాసులోనే పాడే పాట. వేటూరి రాశారు, జానకి పాడారు. అక్కడ ట్యూన్ తన గొప్ప చూపించుకోదు, మాటని ముందుకు తోస్తుంది. ఈ పాట చీటీ వస్తే మా సింగర్ ముందు మంచినీళ్లు తాగి గానీ మైకు పట్టుకోదు.

రీరికార్డింగ్, అంటే సీన్లకి నేపథ్య సంగీతం చేర్చడం కూడా అప్పట్లో ఇప్పటిలా కాదు. ఎడిటింగ్ అయిన సినిమాని రీలు రీలుగా తెర మీద వేసి, అది చూస్తూ ఆర్కెస్ట్రా చేత వాయించేవాళ్లు. 35 ఎంఎం ఫిల్ము నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది, వెయ్యి అడుగుల రీలంటే పదకొండు నిమిషాలు. ఫైటు మధ్యలో ఒక వయొలిన్ తప్పితే ఆ బిట్ మళ్లీ మొదటికి. ఇవతల రిలీజ్ డేట్ టెన్షన్.

అలాగని చేసినవన్నీ గొప్పవని అనను. సినిమాలు తొమ్మిది వందలు దాటాయంటారు. అంత పని నెత్తిన పెట్టుకుంటే అచ్చులో పోసినట్టుండే పాటలూ వస్తాయి. 80ల నాటి కొన్నింటికి మా రిథమ్ ప్యాడ్ కుర్రాడు ఒకే ప్యాటర్న్‌తో మూడు నాలుగు పాటలు లాగించేస్తాడు, ఎవరూ పట్టుకోరు.

ఇంకో సంగతి. రాజ్-కోటి, కీరవాణి ఆయన దగ్గర సహాయకులుగా పనిచేసినవాళ్లే. కీరవాణికి 2023లో ఆస్కార్ వచ్చిన రోజు మా వాట్సాప్ గ్రూపులో అందరూ రాజమౌళి ఫొటోలు పెట్టారు. నేను చక్రవర్తి ఫొటో పెడితే "ఈయనెవరు బాబాయ్?" అని అడిగాడు మా కుర్రాడు.

మీరు ఆయన్ని కొత్తగా వినాలనుకుంటే పాటల ప్లేలిస్టు పక్కన పెట్టి, 'ప్రతిఘటన' మొత్తం ఒకసారి హెడ్‌ఫోన్స్‌తో చూడండి. 'పక్కింటి అమ్మాయి' (1981) కూడా చూడండి, అందులో ఆయన నటించారు, బాగా నవ్వొస్తుంది.