ఒక్కరికి సరిపడా చేపో, రొయ్యలో ఆవిరి మీద వండుకోవాలంటే కుక్కర్, ఒక పళ్ళెం చాలు

మీరు అడిగింది ఇదీ: హైదరాబాద్‌లో ఒక్కరే ఉంటున్నారు. ఇండక్షన్ స్టవ్, ఒక కుక్కర్, చిన్న ఇడ్లీ పాత్ర ఉన్నాయి. రాత్రిపూట నూనె, మసాలా పెద్దగా లేకుండా చేపో, రొయ్యలో ఆవిరి మీద ఉడికించుకోవాలని ఉంది. నీచు వాసన వస్తుందేమోనని టెన్షన్, అది ఇడ్లీ పాత్రకు పట్టుకుంటుందేమోనని ఇంకో అనుమానం. నేను ఉద్యోగం వల్ల విశాఖపట్నంలో ఒక్కడినే ఉంటున్నాను, ఇల్లు కాకినాడలో. వారంలో చాలా రాత్రులు నా భోజనం ఇదే కాబట్టి తెలిసినంత రాస్తాను.

పులుసు పెట్టే అలవాటుతో దీన్ని మొదలుపెట్టకండి. పులుసులో చేప ఐదు నిమిషాలు ఎక్కువ ఉడికినా చింతపండూ కారమూ దాన్ని కాపాడేస్తాయి. ఆవిరి మీద వండితే ఆ దాపరికం ఉండదు. చేప పాతదైతే మొదటి ముద్దలోనే తెలిసిపోతుంది, ఎక్కువ ఉడికితే పీచులా నోట్లో తిరుగుతుంది. కొనేటప్పుడు ఒకసారి, దింపేటప్పుడు ఒకసారి జాగ్రత్తగా ఉంటే చాలు. పైన అల్లం వేయాలా, ఆవ పెట్టాలా అన్నది ఎవరిష్టం వాళ్ళది.

చేపల్లో నా ఓటు పండుగప్పకే. ముళ్ళు తక్కువ, కండ తెల్లగా మందంగా ఉంటుంది, ఆవిరికి బాగా నిలుస్తుంది. చెరువుల్లో కూడా పెంచుతారు కాబట్టి వేట నిషేధం ఉన్న రోజుల్లోనూ దొరుకుతుంది. (తూర్పు తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు, అంటే 61 రోజులు మోటారు బోట్లు వేటకు వెళ్ళవు. ఆ రోజుల్లో ఎవరైనా 'ఇవాళ్టి సముద్రం చేప' అంటే ఒకసారి మొప్ప ఎత్తి చూడండి.) చందువా ఇంకా బాగుంటుంది కానీ ఒక్కడి కోసం అంత ఖర్చు నాకు మనసొప్పదు. వంజరం వేపుడుకు రాజే, ఆవిరి మీద మాత్రం త్వరగా పొడిబారిపోతుంది. కానాగంతలు నాకు ప్రాణం, అయినా ఆవిరికి వద్దంటాను. వాటి నూనె వాసన గదంతా పట్టేస్తుంది. పైగా కానాగంతలు, తూర చేప లాంటివి ఐస్ సరిగ్గా లేకుండా ఎక్కువసేపు ఉంటే వాటిలో హిస్టమిన్ అనే పదార్థం పెరుగుతుంది. ఎంత ఉడికించినా అది పోదు. తిన్నాక ఒళ్ళు ఎర్రబడి దద్దుర్లు వచ్చేది దానివల్లే.

మీరు హైదరాబాద్‌లో ఉన్నారు కాబట్టి ఒక మాట. రాంనగర్ మార్కెట్‌కి వెళ్తే సముద్రపు చేపలు దొరుకుతాయి, కాకపోతే అవి ఐస్‌లో ప్రయాణం చేసి వచ్చినవి. కన్ను ఉబ్బెత్తుగా మెరుస్తూ ఉండాలి, మొప్ప లోపల ఎర్రగా ఉండాలి, వేలితో నొక్కితే పడ్డ గుంట వెంటనే పూడిపోవాలి. ఈ మూడింట్లో ఏది తేడాగా ఉన్నా ఆ రోజు సముద్రాన్ని వదిలేసి తొట్టెలో ఈదుతున్న కొర్రమేను కొనుక్కోండి. సీఫుడ్ కాకపోయినా ఆవిరి మీద అది నిరాశపరచదు. ముళ్ళు తక్కువ, కండ గట్టిది. తెలంగాణ రాష్ట్ర చేప అదే కదా.

ఒక్క మనిషికి 150 నుంచి 200 గ్రాముల కండ చాలు. అంత చిన్న ముక్క కోసి ఇమ్మంటే కొట్టువాళ్ళు మొహం చిట్లిస్తారు, వాళ్ళ తప్పూ లేదు. అరకిలో పైన ఉన్న చేప ఒకటి తీసుకుని, చర్మం ఉంచి, నడిముల్లు తీసి ముక్కలు చేయించండి. తల, ముల్లు వదలకండి, మర్నాటికి పులుసు అవుతాయి. రాత్రికి కావలసిన ముక్క ఉంచుకుని మిగతావి కడిగి, తడి పూర్తిగా అద్ది, ఉప్పు రాయకుండా, ఒక పూటకి ఒకటి చొప్పున విడివిడిగా కవర్లలో పల్చగా పరిచి ఫ్రీజర్‌లో పెట్టండి. తినే రోజు పొద్దున్నే ఒక కవరు కింద అరలోకి దింపి ఆఫీసుకు వెళ్ళిపోతే సాయంత్రానికి విడిపోయి ఉంటుంది. ఒకసారి విడిపోయినదాన్ని మళ్ళీ గడ్డకట్టించకండి.

రొయ్యలైతే కౌంట్ అడగండి. 40 కౌంట్ అంటే కిలోకి నలభై. ఆవిరికి ఆ సైజు బాగుంటుంది, అంతకంటే చిన్నవి క్షణంలో బిగుసుకుపోతాయి. తలతో పావుకిలో కొంటే శుభ్రం చేశాక సగానికి కాస్త ఎక్కువ మిగులుతుంది, ఒకరికి సరిపోతుంది. వీపు మీద చీరి నల్లటి నరం తీసేయాలి. తోక ఉంచితే చూడటానికీ, పట్టుకోవడానికీ బాగుంటుంది. రొయ్యల విషయంలో హైదరాబాద్ వాళ్ళకీ మాకూ పెద్ద తేడా లేదు. మార్కెట్‌కు వచ్చేవి ఎక్కువగా గోదావరి, కృష్ణా జిల్లాల చెరువుల నుంచి వచ్చే వనామీ రకమే.

ఇక నీచు. సముద్రపు చేప పాతబడే కొద్దీ దాని కండలో అమైన్లు పుడతాయి, మనం నీచు అనేది ఎక్కువగా వాటినే. పులుపు తగిలితే అవి గాల్లోకి లేవకుండా ఆగిపోతాయి. మన వాళ్ళు చేప కడగడానికి నిమ్మకాయో, చింతపండో, మజ్జిగో వాడేది అందుకే. ఉప్పు, పసుపు, అరచెక్క నిమ్మరసం రాసి ఐదు నిమిషాలు ఉంచి కడిగేయండి. అరగంట వదిలేస్తే మాత్రం నిమ్మరసానికే పైకండ తెల్లబడి గట్టిపడుతుంది. కడిగాక గుడ్డతోనో, టిష్యూతోనో తడి అంతా అద్దేయండి. చాలామంది వదిలేసే పని ఇదే. తడి మీద తడి చేరితే పళ్ళెంలో నీళ్ళు నిలిచి, చేప అందులో ఉడికినట్టు అవుతుంది.

పాత్ర గురించి: కుక్కర్ చాలు, వెయిట్ పెట్టకూడదు. అడుగున చిల్లుల స్టాండ్ పెట్టి, దానికి తగలకుండా నీళ్ళు పోసి, నీళ్ళు బాగా తెర్లాకే పళ్ళెం లోపల పెట్టాలి. చన్నీళ్ళతో కలిపి పెడితే నీళ్ళు కాగేదాకా చేప నానుతూ కూర్చుంటుంది, టైమ్ లెక్క కూడా తప్పుతుంది. మీ ఇడ్లీ పాత్రలో రేకులు తీసేసి ఇలాగే చేయవచ్చు. పళ్ళెం చుట్టూ వేలు దూరేంత ఖాళీ ఉండాలి, లేకపోతే ఆవిరి పైకి రాదు. మూతకి లోపలివైపు పల్చటి గుడ్డ కట్టి, కొసలు పైన ముడేస్తే మూత మీద పట్టిన నీటి చుక్కలు చేప మీద పడవు. స్టవ్ 1200 వాట్ల దగ్గర ఉంచితే సరిపోతుంది.

నేను చేసే పద్ధతి చెప్తాను. పళ్ళెంలో నాలుగు ఉల్లిపాయ చక్రాలు పరిచి, వాటి మీద చేప ముక్క చర్మం కిందికి వచ్చేలా పెడతాను. ముక్క పళ్ళేనికి అతుక్కోదు, కింద నుంచి కూడా ఆవిరి తగులుతుంది. పైన సన్నగా పొడవుగా తరిగిన అల్లం, చీల్చిన పచ్చిమిర్చి ఒకటి, చిటికెడు ఉప్పు. అంగుళం మందం ఉన్న ముల్లు లేని ముక్కకు ఎనిమిది నిమిషాలు, ముల్లుతో ఉన్నదానికి పది. ఫోన్‌లో టైమర్ పెట్టుకోండి, చేత్తో అంచనా వద్దు. మందమైన చోట చాకు మొన దూర్చి చూస్తే కండ పొరలు పొరలుగా విడిపోవాలి, లోపల అద్దంలా మెరుపు కనపడకూడదు. ముల్లు ఉంటే దాన్నుంచి కండ తేలిగ్గా ఊడి రావాలి. రొయ్యలకు నాలుగైదు నిమిషాలు చాలు. గులాబీ రంగు తిరిగి అర్ధచంద్రంలా వంగితే అయినట్టు, సున్నా చుట్టుకుంటే ఎక్కువైనట్టు.

దింపాక పళ్ళెంలో కాస్త నీరు ఊరి ఉంటుంది. చేపదైతే వంపేయండి, నీచు మిగిలితే అందులోనే ఉంటుంది. రొయ్యలదైతే పారబోయకండి, తియ్యగా ఉంటుంది, అన్నంలోకి పనికొస్తుంది. ఇప్పుడు తాలింపు. చెంచా నువ్వుల నూనె బాగా కాగనిచ్చి, చితక్కొట్టిన వెల్లుల్లి నాలుగు రెబ్బలు, ఒక ఎండుమిర్చి, కరివేపాకు వేసి, వెల్లుల్లి అంచులు ఎర్రబడగానే ఆ వేడి వేడి తాలింపును తిన్నగా చేప మీద గుమ్మరించాలి. చుయ్యిమని చేప మీద అల్లం ముక్కలు వంకర్లు తిరుగుతాయి, అప్పటిదాకా ఆసుపత్రి భోజనంలా ఉన్నది ఒక్కసారిగా ఘుమఘుమలాడిపోతుంది. చైనావాళ్ళు ఆవిరి చేప మీద వేడి నూనె, ఉల్లికాడలు, సోయా సాస్ వేసేదీ ఇదే లెక్కన. సోయా సాస్ అరచెంచా వేసుకునేట్టయితే చేపకి ముందు ఉప్పు వేయకండి. నూనె అసలు వద్దనుకుంటే తాలింపు మానేసి నిమ్మరసం, మిరియాల పొడి, కొత్తిమీరతో తినేయండి. నాకైతే ఆ ఒక్క చెంచా దగ్గర పిసినారితనం నచ్చదు.

ఇంకో పద్ధతి మా అపార్ట్‌మెంట్‌లో పక్కింట్లో ఉండే బెంగాలీ ఆవిడ దగ్గర నేర్చుకున్నాను. ఒంటరివాళ్ళకి దీనికి మించింది లేదు. వాళ్ళు దీన్ని భాపా అంటారు. రొయ్యలతో చేస్తారు, ఇలిష్‌తో చేస్తారు. ఇలిష్ గోదావరికి ఎదురెక్కి వస్తే మనం పులస అంటాం. అలాగే వాళ్ళు పొంగిపోయే భేట్కీ మన పండుగప్పే. చెంచాన్నర ఆవాలు నానబెట్టి, ఒక పచ్చిమిర్చి, ఉప్పు, రెండు చెంచాల కొబ్బరి కోరుతో నూరాలి. ఉప్పూ మిర్చీ లేకుండా నూరినా, మిక్సీలో అదేపనిగా తిప్పినా ఆవ చేదెక్కుతుంది. ఆ ముద్దలో రొయ్యలు, పసుపు, చెంచా ఆవనూనె కలిపి మూత గట్టిగా పట్టే స్టీలు టిఫిన్ బాక్స్‌లో పెట్టి ఆవిరి మీద పన్నెండు నుంచి పదిహేను నిమిషాలు ఉంచాలి. బాక్స్ మూత ఉంటుంది కాబట్టి టైమ్ ఎక్కువ పడుతుంది. అరటికాయ ఆవ పెట్టిన కూర తిని పెరిగిన మనకి ఈ ఘాటు పరాయిగా అనిపించదు. ఆవనూనె ఘాటు పడకపోతే నువ్వుల నూనె వేయండి, ఆవిడ ఒప్పుకోకపోయినా నేను అలాగే చేస్తాను.

అరటాకులో చుట్టి పెడదామనుకుంటే కొత్తిమీర, పచ్చిమిర్చి, కొబ్బరి, నిమ్మరసం నూరి ముక్కకు పట్టించండి, పన్నెండు నిమిషాలు. ఇండక్షన్ మీద ఆకును మంటకి చూపించలేరు కాబట్టి వేడి పెనం మీద రెండువైపులా అద్దితే మెత్తబడుతుంది, మడిచినా చిరగదు.

పక్కన ఏముండాలి? చేప కింద ఉల్లిపాయకి బదులు సన్నగా తరిగిన క్యాబేజీయో, బీన్సో పరిస్తే కూర కూడా అయిపోతుంది. కాకపోతే బీన్స్ ఐదు నిమిషాలు ముందుగా పెట్టాలి. కప్పు అన్నం, మిరియాల చారు ఉంటే రాత్రికి హాయిగా ఉంటుంది. అన్నం వద్దనుకున్న రోజు నేను చారు గ్లాసులో పోసుకుని తాగేస్తాను.

ఇడ్లీ పాత్ర సంగతి. చేప ఎప్పుడూ పళ్ళెంలోనే ఉంటుంది కాబట్టి పాత్రకి తగిలేది ఆవిరే, ఇడ్లీ రేకులు ముందే బయటపెట్టేస్తే వాటికి ఏమీ కాదు. భోజనానికి కూర్చునే ముందే అడుగు నీళ్ళు పారబోసి, కొత్తగా గ్లాసెడు నీళ్ళు, పిండేసిన నిమ్మతొక్కలు వేసి మూతపెట్టి ఐదు నిమిషాలు మరిగించండి. మీరు తినేలోపు అదీ అయిపోతుంది. కుక్కర్ అయితే రబ్బరు గ్యాస్కెట్ విడిగా తీసి కడగండి, వాసన ఎక్కువగా పట్టేది దానికే. మూతకి కట్టిన గుడ్డని మాత్రం వేరే బట్టలతో కలిపి ఉతక్కండి.