గూగుల్ ఉండగా గెజిటీర్లు, కేటలాగులు చదవడం దండగేనా?

ప్రశ్న: లైబ్రరీ సైన్స్ చదువుతున్నాను. రిఫరెన్స్ సోర్సెస్ పేపర్లో గెజిటీర్లు (స్థలాల పేర్ల నిఘంటువులు), కేటలాగుల (పుస్తకాల జాబితాల) పేర్లూ సంవత్సరాలూ బట్టీ పట్టిస్తున్నారు. అన్నీ గూగుల్‌లో దొరుకుతుంటే వీటితో ఉద్యోగం వస్తుందా? ఇది వదిలేసి జీఐఎస్ (కంప్యూటర్లో మ్యాపులు, స్థలాల డేటాతో చేసే పని) కోర్సులో చేరిపోనా?

జవాబు: మీ చిరాకు సబబే. అమెరికా వాళ్ల నేషనల్ యూనియన్ కేటలాగ్‌లో 1956కు ముందు అచ్చయిన పుస్తకాల జాబితా 754 సంపుటాలని పరీక్షలో రాసినంత మాత్రాన ఎవరూ పిలిచి ఉద్యోగం ఇవ్వరు. కానీ ఈ రెండు రకాల రిఫరెన్సుల్లో నేర్చుకోవాల్సిన అసలు పని వేరే ఉంది: ఒకే పేరున్న రెండింటిని విడదీయడం, రెండు పేర్లున్న ఒక్కదాన్ని కలపడం. జీతమిచ్చి చేయించుకునే పని అదే.

రష్యాలోని లెనిన్‌గ్రాడ్ నగరం సంగతే చూడండి. 1914 దాకా సెయింట్ పీటర్స్‌బర్గ్, ఆ తర్వాత పెట్రోగ్రాడ్, 1924లో లెనిన్‌గ్రాడ్, 1991లో మళ్లీ పాత పేరే. 1930లో అక్కడ అచ్చయిన పుస్తకం మీ చేతికొచ్చిందనుకోండి. ప్రచురణ స్థలం రాసే చోట, అంటే మార్క్ రికార్డులో (పుస్తకం వివరాలను కంప్యూటర్లో నంబర్లున్న గడుల్లో రాసే పద్ధతి అది) 264 ఫీల్డులో, పుస్తకం మీద ఎలా ఉంటే అలాగే లెనిన్‌గ్రాడ్ అని దింపాలి, మన తెలివితో సరిదిద్దకూడదు. అదే పుస్తకం ఆ నగరం గురించే అయితే 651లో, అంటే విషయంగా వచ్చే స్థలం పేరు రాసే చోట, లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ పద్ధతి ప్రకారం, ఇప్పటి పేరు పెడతారు. పాత పేర్లన్నీ అథారిటీ రికార్డులో (ఒకదానికున్న వేర్వేరు పేర్లను కలిపి ఉంచే రికార్డులో) ఉంటాయి కాబట్టి ఎవరు ఏ పేరుతో వెతికినా ఒకే శీర్షికకు చేరతారు. ఒకే రికార్డులో ఒకే ఊరికి రెండు పేర్లు, రెండూ కరెక్టే! ఎందుకో ఇంటర్వ్యూలో తడుముకోకుండా చెప్పగలిగితే మీకు సబ్జెక్టు వచ్చని ఎదుటివాళ్లకి అర్థమైపోతుంది.

గెజిటీర్ వైపు కూడా ఇదే కథ. జియోనేమ్స్ అనే ఆన్‌లైన్ గెజిటీర్‌లో ఏదైనా పేరు కొట్టండి, ఊరు, ఏరు, కొండ, రైల్వే స్టేషన్ అన్నీ అదే పేరుతో, వేర్వేరు ఐడీలతో వరసగా వస్తాయి. పక్కన ఉండే కోడ్ చూడాలి, పీపీఎల్ అంటే జనం ఉండే చోటు, ఎస్‌టీఎం అంటే ఏరు. పారిస్ అని ఉంటే ఫ్రాన్స్‌దే అనుకోవడానికి లేదు, టెక్సస్‌లోనూ ఒకటుంది. పైగా జియోనేమ్స్‌ని వాడేవాళ్లే దిద్దొచ్చు, కాబట్టి గుడ్డిగా నమ్మకండి, పాత పేర్లయితే గెటీ సంస్థ వాళ్ల స్థలనామాల థెసారస్‌తో (పేర్ల కోశంతో) పోల్చి చూసుకోండి.

ఉద్యోగాల విషయం ఉన్నదున్నట్టు చెప్తాను. చాలా లైబ్రరీలు వేరేవాళ్లు చేసిన రికార్డునే దించుకుంటాయి, అందుకని కేటలాగింగ్ ఒక్కదాన్నే నమ్ముకుంటే కష్టం. గెజిటీర్ అనే మాటతో ప్రకటనలు వెతికితే ఏమీ దొరకదు. మెటాడేటా (డేటా గురించిన వివరాలు), అథారిటీ కంట్రోల్ (పేర్లను ఒకే రూపానికి కట్టడం), జియోకోడింగ్ (స్థలం పేరుకు అక్షాంశ రేఖాంశాలు పెట్టడం), డేటా క్యూరేషన్ (డేటా సరిచూసి భద్రపరచడం) అని వెతకండి. ఆర్కైవులు, మ్యూజియాలు, ప్రచురణ సంస్థలు, మ్యాప్ డేటా కంపెనీలు, ఇలా రకరకాల చోట్ల ఇదే పని వేరే పేర్లతో ఉంటుంది.

ఈలోగా ఒక పని చేయండి. కాపీరైట్ తీరిపోయిన పాత యాత్రాకథనం ఒకటి తీసుకుని, అందులోని ఊళ్ల పేర్లన్నీ పట్టికగా రాసి, ఓపెన్‌రిఫైన్ అనే పట్టికలు శుభ్రం చేసే సాఫ్ట్‌వేర్‌లో, వికీడేటా అనే ఆన్‌లైన్ డేటా భాండారంతో సరిపోల్చండి. ఐడీ, అక్షాంశం, రేఖాంశంతో పాటు "ఈ ఊరే అని ఎందుకు అనుకున్నాను" అని ఒక కాలమ్ పెట్టండి. నన్నడిగితే రెజ్యూమేలో సర్టిఫికెట్ల కంటే ఆ కాలమ్‌కే ఎక్కువ విలువిస్తాను. తేలని వాటి దగ్గర తేలలేదనే రాయండి, ఏదో ఒకటి అంటగట్టొద్దు.

జీఐఎస్ అంటారా, దానికోసం ఇది మానక్కర్లేదు, రెండూ కలుపుకోండి. క్యూజీఐఎస్ అనే మ్యాప్ సాఫ్ట్‌వేర్ ఉచితమే, మీ పట్టికని అందులో వేసి చూడండి. ఏ ఊరైనా నడిసముద్రంలో కనిపించిందంటే టెన్షన్ పడకండి, ముందు అక్షాంశం, రేఖాంశం తారుమారయ్యాయేమో చూసుకోండి.