అధికారి జీవితం రాయబోతున్న తమ్ముడికి

శ్రీకాకుళం

తమ్ముడూ,

మన జిల్లాలో పనిచేసి, పెద్ద హోదాలో రిటైరై, ఇప్పుడు రాజకీయ చరిత్ర మీద వ్యాసాలు రాస్తున్న ఐఏఎస్ అధికారి జీవితం రాస్తానన్నావు. తప్పకుండా రాయి. ఒక్క విషయం మాత్రం గట్టిగా పట్టుకో. ఆయన కుర్చీలో ఉండి చూసింది వేరు, రిటైరయ్యాక చదివీ వినీ చెబుతున్నది వేరు. రెండూ ఒకే పేరాలో కలిసిపోతే నీ పుస్తకం సాక్ష్యంగా పనికిరాదు.

మొదటిరోజు అభిప్రాయాలు అడగకు. పోస్టింగులు రాసుకో: ఎప్పుడు చార్జి తీసుకున్నారు, ఎప్పుడు అప్పగించారు, పై అధికారి ఎవరు, ముఖ్యమంత్రి ఎవరు. అధికారుల పోస్టింగులు అచ్చువేసే సివిల్ లిస్టుతో సరిచూడు. ఆ పట్టిక చేతిలో ఉంటే జ్ఞాపకం ఎక్కడ జారిందో దొరికిపోతుంది. "1973 జులైలో ముఖ్యమంత్రి పిలిచి చెప్పారు" అన్నారనుకో, అక్కడ ఆగు. ఆ జనవరి నుంచి డిసెంబరు 10 దాకా రాష్ట్రపతి పాలన, ముఖ్యమంత్రే లేరు. 1980 నాటి ముచ్చటలో 'మండలం' వచ్చినా అంతే, మండలాలు 1985లో కదా వచ్చాయి. ఆయన అబద్ధమాడుతున్నారని కాదు. ఎవరికైనా తర్వాతి మాటలు పాత సంగతుల్లోకి వచ్చి చేరతాయి.

జిల్లా హద్దులు మారిన సంగతీ గుర్తుంచుకో. 1967 అక్టోబరు 31న లేవిడి దగ్గర కాల్పుల్లో ఇద్దరు గిరిజనులు చనిపోయారు. ఆ ఊరు అప్పట్లో శ్రీకాకుళం జిల్లా. 1979లో విజయనగరం జిల్లా ఏర్పడింది, 2022 నుంచి ఆ ఊరు పార్వతీపురం మన్యంలో ఉంది. కాగితాల కోసం వెతుకులాట ఆనాటి జిల్లా నుంచి మొదలుపెట్టు.

"చట్టం ఉన్నా అమలు కాలేదు" అని ఆయన అంటే ఊరుకోకు, ఎందుకు కాలేదో అడుగు. గిరిజనుల భూమి గిరిజనేతరుల పాలవకుండా ఆపాల్సింది 1959 నాటి ఒకటో రెగ్యులేషన్. దాని కింద నియమాలు 1969లో గానీ రాలేదు. ఏజెన్సీలో గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుడి నుంచి వచ్చిందేనని ముందుగా భావించాలనీ, కాదంటే అతనే రుజువు చేసుకోవాలనీ 1970 సవరణ చెప్పింది. అంతకుముందు, 1968లో, ఆ కుర్చీలో కూర్చున్న మనిషి చేతిలో ఏ అధికారం ఉంది, ఏది లేదు? నీ పుస్తకానికి ప్రాణం ఈ ప్రశ్నకు వచ్చే జవాబే. ఒక పూటంతా దీనికే కేటాయించు.

జీవో కింద కార్యదర్శి సంతకం చూసి నిర్ణయం ఆయనదని రాసేయకు. ఉత్తర్వు గవర్నరు పేరిట వెళుతుంది, కార్యదర్శి దాన్ని ధ్రువీకరిస్తాడంతే. ఎవరేమన్నారో నోట్‌ఫైలు చెబుతుంది. మన అధికారి ఒప్పుకోనని రాసిన నోటు ఒక్కటి దొరికినా యథాతథంగా అచ్చువేయి.

ఫైళ్లన్నీ దొరకవు. పని ముగిసిన ఫైలు మీద ఎంతకాలం ఉంచాలో తెలిపే గుర్తు వేస్తారు: ఆర్.డిస్ శాశ్వతంగా ఉంచుతారు, డి.డిస్ పదేళ్లు, ఎల్.డిస్ ఏడాది. గడువు తీరి పోయిన ఫైలును "దాచేశారు" అని రాయడం అన్యాయం. సమాచార హక్కు కింద కలెక్టరేటులో పది రూపాయలతో అర్జీ పెడితే ముప్పై రోజుల్లో జవాబివ్వాలి. ఫైలు నంబరు, సెక్షను, సంవత్సరం వేసి అడుగు. "1967 కాగితాలన్నీ" అంటే చేతికేమీ రాదు.

1984 ఆగస్టు 16న ఎన్టీఆర్‌ని దించడం, సెప్టెంబరు 16న ఆయన తిరిగి రావడం మీద మన అధికారి చాలా చెబుతారు. ఆ నెల ఈ అధికారి జిల్లాలో ఉంటే కళ్లారా చూసింది బందోబస్తు, హైదరాబాదు నుంచి వచ్చిన ఫోన్లు. రాజ్‌భవన్ సంగతులు విన్నవే. ఎవరు చెప్పగా విన్నారో కూడా రాయి.

ముందు పోస్టింగుల పట్టిక పంపు. మొదటి అధ్యాయం ఆ తర్వాత చూద్దాం.

మీ అన్న