వేరే పని చేసుకుంటూ గేమ్‌ను వెనుక ఉంచాలంటే ముందు ఏమి తేల్చుకోవాలి?

మీ ప్రశ్నను నేను ఇలా అర్థం చేసుకున్నాను. ఇంట్లో కూర్చుని ఎక్సెల్‌లో లెక్కల పని చేసుకుంటున్నంతసేపూ మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌లో మీరు కట్టుకున్న చెరకు ఫార్మ్ (ఆట లోపల చెరకు దానంతట అదే పండే ఏర్పాటు) నడుస్తూనే ఉండాలి, కానీ వేరే విండోకు మారిన మరుక్షణం ఆట ఆగిపోతోంది. దానితోపాటు, సగంలో ఉన్న మరో పెద్ద గేమ్‌ను మూయకుండా పక్కన పెడితే 8 జీబీ ర్యామ్ ఉన్న మీ ల్యాప్‌టాప్ మొరాయిస్తోంది, ఫ్యాన్ హోరు తగ్గడం లేదు. నేను గుంటూరులో పెళ్లి వీడియోలు ఎడిట్ చేస్తాను. ఎడిటింగ్‌కూ ఆటలకూ నాకు ఉన్నది ఒకటే కంప్యూటర్ కాబట్టి, రెండింటినీ ఒకదాని పక్కన ఒకటి ఇమిడ్చి నడుపుకోవడం చాలా ఏళ్లుగా నాకు రోజువారీ వ్యవహారం. ఆ అనుభవంతోనే ఈ సమాధానం రాస్తున్నాను.

అన్నిటికంటే ముందు ఒక విషయం తేల్చుకోండి. మీరు అటు తిరిగినప్పుడు ఆట లోపల కాలం గడుస్తూ ఉండాలా, లేక మీరు వదిలిన చోటే ఆగి, తిరిగి వచ్చేదాకా అలాగే ఉంటే సరిపోతుందా? మీ చెరకు ఫార్మ్‌ది మొదటి అవసరం, సగంలో ఆపిన పెద్ద గేమ్‌ది రెండోది. ఈ రెండింటికీ చేయవలసిన పనులు పూర్తిగా వేరు, కొన్ని చోట్ల ఒకదానికొకటి విరుద్ధం కూడా. ఒకదాని కోసం చెప్పిన సలహాను రెండోదానికి వాడడం వల్లనే చాలామందికి ఏదీ పని చేయనట్టు అనిపిస్తుందని నా నమ్మకం.

ముందుగా నడవవలసిన ఆట సంగతి చూద్దాం. మీరు వేరే విండో మీద క్లిక్ చేయగానే విండోస్ ఆ ఆటను ఆపదు. ఇప్పుడు నువ్వు ముందు లేవని దానికి ఒక సందేశం మాత్రమే పంపుతుంది. ఆ సందేశం అందాక ఆగాలా, నెమ్మదించాలా, ఏమీ పట్టనట్టు సాగాలా అన్నది ఆటను తయారు చేసినవారు ముందే రాసిపెట్టిన నిర్ణయం. యూనిటీ అనే ఆటల తయారీ సాఫ్ట్‌వేర్‌తో చేసిన ఆటల్లో దీనికోసం 'రన్ ఇన్ బ్యాక్‌గ్రౌండ్' అనే సెట్టింగే ఉంటుంది, కాకపోతే అది తయారీదారు చేతిలో ఉండేది, ఆడేవారి చేతిలో ఉండేది కాదు. అందువల్ల విండోస్ సెట్టింగుల్లో వెతకడానికి ముందు ఆట సొంత సెట్టింగుల్లో వెతకాలి. టాస్క్ మేనేజర్‌లో ఆ ఆట ప్రయారిటీని 'హై' చేయమని చాలామంది చెబుతారు గానీ, తనంతట తాను ఆగిపోయిన ఆటకు ప్రాసెసర్ ఎంత సమయం ఇచ్చినా అది కదలదు.

మైన్‌క్రాఫ్ట్ విషయంలో పరిష్కారం సులభమే. ఆట నడుస్తుండగా ఎఫ్3 కీని నొక్కి ఉంచి పి కీని నొక్కితే, ఫోకస్ పోయినప్పుడు, అంటే మీరు వేరే విండోకు మారినప్పుడు, ఆగే అలవాటు రద్దయినట్టు తెరమీద సందేశం వస్తుంది. కొన్ని ల్యాప్‌టాప్‌లలో దీనితోపాటు ఎఫ్ఎన్ కీని కూడా పట్టుకోవలసి ఉంటుంది. ఆ తరువాత ఆల్ట్, ట్యాబ్ కీలతో బయటికి వచ్చేయండి. ఎస్కేప్ మాత్రం నొక్కకండి, ఒంటరిగా ఆడుతున్న లోకంలో ఎస్కేప్ మెనూ కాలాన్ని ఆపేస్తుంది. మౌస్‌ను విడిపించుకోవాలంటే ఇన్వెంటరీ గానీ చాట్ గానీ తెరిస్తే చాలు, అవి తెరిచి ఉన్నా ఆట సాగుతూనే ఉంటుంది. ఇంకో దారి, ఆ లోకాన్ని 'ఓపెన్ టు లాన్' చేయడం, అంటే మీ ఇంటి నెట్‌వర్క్‌లోని ఇతరులకూ తెరవడం. అప్పుడది చిన్న సర్వర్‌లా మారి, మెనూ తెరిచినా ఆగదు.

ఇక్కడ ఫార్మ్ ఎలా పని చేస్తుందో కూడా గుర్తుంచుకుంటే మీ ల్యాప్‌టాప్ మీద భారం బాగా తగ్గించవచ్చు. ఆ లోకం సెకనుకు 20 టిక్‌ల చొప్పున, అంటే 50 మిల్లీసెకన్లకు ఒక అడుగు వేస్తూ నడుస్తుంది. మీ తెరమీద సెకనుకు 10 ఫ్రేములు (తెరమీది చిత్రాలు) గీసినా, 200 గీసినా చెరకు పెరిగే వేగం మారదు. పైగా మీ పాత్ర చుట్టూ ఉన్న కొంత మేర మాత్రమే ప్రాణంతో ఉంటుంది. 1.18 కూర్పు నుంచి కనిపించే దూరానికీ, నిజంగా నడిచే దూరానికీ వేరువేరు సెట్టింగులు వచ్చాయి. చంక్ అంటే 16 బ్లాకుల వెడల్పున్న గడి కాబట్టి, మధ్యస్థమైన చెరకు ఫార్మ్ దగ్గర నిలబడితే నిజంగా నడిచే దూరం, అంటే సిమ్యులేషన్ డిస్టెన్స్, 5 చంక్‌లు ఉన్నా సరిపోతుంది. కనిపించే దూరమైన రెండర్ డిస్టెన్స్‌ను కూడా బాగా తగ్గించేయండి. మీరు చూడని కొండలను గీయడానికి గ్రాఫిక్స్ చిప్ చెమటోడ్చవలసిన పని లేదు. ఇటీవలి కూర్పుల్లో, మీరు కాసేపు కీబోర్డు ముట్టకపోతే ఫ్రేములను మొదట 30కి, తరువాత 10కి దించే సెట్టింగు కూడా ఉంది. దాన్ని వాడుకోండి. మైన్‌క్రాఫ్ట్‌ను నడిపే జావా సాఫ్ట్‌వేర్‌కు ఎక్కువ మెమరీ కేటాయిస్తే మేలన్న మాట విని 8 జీబీలో 6 జీబీ దానికే రాసివ్వకండి. విండోస్‌కూ ఎక్సెల్‌కూ మిగిలేది ఏమీ ఉండదు.

ఇక ఫుల్ స్క్రీన్ సంగతి. పాత పద్ధతి ఎక్స్‌క్లూజివ్ ఫుల్ స్క్రీన్‌లో తెర మొత్తం ఆట స్వాధీనంలో ఉంటుంది. డైరెక్ట్‌3డీ 9 కాలపు ఆటల్లో మీరు బయటికి రాగానే ఆ స్వాధీనం పోతుంది, తిరిగి లోపలికి వెళ్లినప్పుడు గ్రాఫిక్స్ మెమరీలో పెట్టుకున్న వాటిలో చాలా భాగం మళ్లీ తయారు చేసుకోవలసి వస్తుంది. తెర నల్లబడి కొన్ని క్షణాలు ఏమీ కనిపించకపోవడం, అప్పుడప్పుడు ఆట కూలిపోవడం దాని ఫలితాలే. బార్డర్‌లెస్ విండో (అంచులు లేకుండా తెరంతా పరచుకునే మామూలు విండో) అనే ఎంపిక ఉంటే కళ్లు మూసుకుని దాన్నే ఎంచుకోండి. వేగం తగ్గుతుందన్న భయం ఒకప్పుడు నిజమే గానీ, విండోస్ 10 నుంచి చాలా ఆటల ఫుల్ స్క్రీన్‌ను కూడా విండోసే లోపల దాదాపు ఆ పద్ధతిలోకి మారుస్తోంది. విండోస్ 11లో విండోలో నడిచే ఆటల కోసం ప్రత్యేకమైన ఆప్టిమైజేషన్ సెట్టింగు డిస్‌ప్లేకు చెందిన గ్రాఫిక్స్ పేజీలో ఉంది.

విండోను మినిమైజ్ చేయడం కంటే పక్కకు జరిపి ఒక అంచు కనిపించేలా ఉంచడం మంచిది. ఇది చాదస్తంగా అనిపించవచ్చు గానీ కారణం ఉంది. మామూలుగా విండోస్ గడియారం సుమారు 15.6 మిల్లీసెకన్లకు ఒకసారి కదులుతుంది. ఆటలు అంతకంటే చురుకైన గడియారాన్ని అడిగి తీసుకుంటాయి. విండోస్ 11లో ఒక విండో మినిమైజ్ అయినా, వేరే విండోల కింద పూర్తిగా కప్పబడినా ఆ చురుకైన గడియారం దక్కుతుందన్న హామీ ఉండదు. క్రోమ్ కూడా పూర్తిగా కప్పబడిన తన విండోను కనిపించని ట్యాబ్ లాగే చూస్తుంది. కుకీ క్లికర్ లాంటి బ్రౌజర్ ఆటలు ఆడేవారికి ఇది మరీ ముఖ్యం. దాచిన ట్యాబ్‌లో టైమర్లను క్రోమ్ సెకనుకు ఒకసారికి పరిమితం చేస్తుంది, 2021 జనవరిలో వచ్చిన 88వ కూర్పు నుంచి అయితే 5 నిమిషాలు దాటి దాగి ఉన్న నిశ్శబ్ద ట్యాబ్‌కు నిమిషానికి ఒకసారి మాత్రమే అవకాశం ఇస్తుంది. గడిచిన సమయాన్ని లెక్కగట్టి ఆదాయం కలిపే ఆటలకు నష్టం లేదు. మిగిలిన వాటిని వేరే విండోగా లాగి, ఒక మూల కనిపించేలా పెట్టుకోవాలి.

మీ రెండో బాధ, వేడి. నాకు దీనిమీద గట్టి అభిప్రాయం ఉంది, మే నెలలో మా గుంటూరులో ఏసీ లేని గదిలో పని చేసేవారెవరికైనా ఉంటుంది. వెనుక ఉన్న ఆటకు ఫ్రేముల పరిమితి పెట్టకుండా వదిలేయడం అన్నిటికంటే పెద్ద వృథా. ఆట ఆగినట్టు కనిపించినా దాని మెనూ గ్రాఫిక్స్ చిప్‌కు చేతనైనన్ని ఫ్రేములను గీస్తూనే ఉండవచ్చు; మెనూలో గీయవలసింది తక్కువ కాబట్టి ఆ సంఖ్య వందల్లోకి, ఒక్కోసారి వేలల్లోకి పోతుంది. 2021 జూలైలో అమెజాన్ వారి న్యూ వరల్డ్ ఆట పరీక్ష దశలో ఉన్నప్పుడు కొందరి ఆర్‌టీఎక్స్ 3090 గ్రాఫిక్స్ కార్డులు కాలిపోయిన వార్త చాలామందికి గుర్తుండే ఉంటుంది. పాడైనవి ప్రధానంగా తమ కార్డుల్లో టంకం లోపం ఉన్నవేనని తయారీ సంస్థ ఈవీజీఏ తరువాత చెప్పింది, అమెజాన్ కూడా మెనూల్లో ఫ్రేములకు పరిమితి పెట్టింది. మంచి కార్డు అలా కాలిపోదు. కానీ మీరు చూడని మెనూ కోసం ఫ్యాన్ అరగడం, కరెంటు ఖర్చవడం ప్రతి ఇంట్లోనూ జరుగుతున్నదే.

ఎన్విడియా కార్డు ఉంటే దాని కంట్రోల్ ప్యానెల్‌లో 'బ్యాక్‌గ్రౌండ్ అప్లికేషన్ మ్యాక్స్ ఫ్రేమ్ రేట్' అనే వరుస ఉంటుంది. అది మొదట ఆఫ్‌లో ఉంటుంది. దాన్ని ఆన్ చేసి 20కి దించండి. మీరు ఆటలోకి తిరిగి రాగానే పరిమితి దానంతట అదే తొలగుతుంది కాబట్టి ఆడేటప్పుడు నష్టమేమీ ఉండదు. నా కంప్యూటర్‌లో అన్నిటికంటే ఎక్కువ మేలు చేసిన మార్పు ఇదే. వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్, ఫైనల్ ఫాంటసీ 14 లాంటి కొన్ని ఆటలు ఇలాంటి పరిమితిని తమ సెట్టింగుల్లోనే ఇస్తాయి. మీ ల్యాప్‌టాప్‌లో విడిగా గ్రాఫిక్స్ కార్డు లేకపోతే ఆట సెట్టింగుల్లో వీసింక్ (తెర వేగానికి మించి ఫ్రేములు గీయనివ్వని సెట్టింగు) గానీ, ఫ్రేముల పరిమితి గానీ తప్పనిసరిగా పెట్టండి, ఎందుకంటే ప్రాసెసర్, గ్రాఫిక్స్ ఒకే చిప్‌లో ఉండి ఒకే ఫ్యాన్‌తో, అదే 8 జీబీ ర్యామ్‌తో సర్దుకోవాలి.

వీడియో ఎడిటింగ్ చేసేవారి కోసం ఒక మాట కూడా చెప్పాలి. వీడియోను ఎన్‌కోడ్ చేసే, అంటే కుదించి ఫైల్‌గా మార్చే భాగం గ్రాఫిక్స్ కార్డులో వేరుగా ఉంటుంది, ఆటలు గీసే భాగం వేరు. అందుకని పక్కన ఆట నడిచినా ఎక్స్‌పోర్ట్‌కు ఇబ్బంది ఉండదని చాలామంది అనుకుంటారు. కానీ రంగుల దిద్దుబాటు, ట్రాన్సిషన్లు, ఎఫెక్టులు ఆటలు వాడుకునే అవే కోర్ల మీద నడుస్తాయి. తలంబ్రాల ఘట్టానికి ఎఫెక్టులు దట్టించిన టైమ్‌లైన్‌ను ఎక్స్‌పోర్ట్‌కు పెట్టి పక్కన ఆట నడిపితే రెండూ పాకుతాయి. డెలివరీ గడువు ఉన్న రోజున నేను ఆటను పూర్తిగా ఆపేస్తాను.

అలా ఆపే పద్ధతే మీ పెద్ద గేమ్‌కు కావలసింది. దానికి కాలం గడవనవసరం లేదు, చోటు మాత్రం పోకూడదు. విండోస్‌తో వచ్చే రిసోర్స్ మానిటర్ తెరిచి, సీపీయూ ట్యాబ్‌లో ఆ ఆట పేరుమీద కుడి క్లిక్ చేసి 'సస్పెండ్ ప్రాసెస్' నొక్కితే ఆట ఉన్నది ఉన్నట్టు బిగుసుకుపోతుంది. ప్రాసెసర్ వాడకం సున్నాకు పడుతుంది, కొత్త ఫ్రేములు గీయదు, ఫ్యాన్ శాంతిస్తుంది. తిరిగి కావాలన్నప్పుడు అక్కడే 'రెస్యూమ్' నొక్కాలి. మైక్రోసాఫ్ట్ ఉచితంగా ఇచ్చే ప్రాసెస్ ఎక్స్‌ప్లోరర్‌లోనూ ఇదే సదుపాయం ఉంది. లినక్స్ వాడేవారు కిల్ ఆదేశానికి స్టాప్ సంకేతం జోడించి ఆపి, కంటిన్యూ (CONT) సంకేతంతో మళ్లీ లేపవచ్చు. సస్పెండ్ చేసేముందు బార్డర్‌లెస్‌కు మార్చుకోవడం మరచిపోకండి. ఫుల్ స్క్రీన్‌లో బిగుసుకున్న ఆట తెరను వదలకుండా పట్టుకుని కూర్చునే ప్రమాదం ఉంది. సేవ్ చేయడం కూడా తప్పనిసరి, ఎందుకంటే గడియారం ఒక్కసారిగా గంటలు ముందుకు దూకినట్టు కనిపిస్తే కొన్ని ఆటలు లేచిన వెంటనే తడబడతాయి.

సస్పెండ్ చేసినంత మాత్రాన ర్యామ్ ఖాళీ కాదు. ఆట ఆక్రమించిన మెమరీ దానిపేరునే ఉంటుంది, ఎక్సెల్‌కు చోటు అవసరమైనప్పుడు విండోస్ దాన్ని కొద్దికొద్దిగా డిస్క్‌లోని పేజ్ ఫైల్‌కు తరలిస్తుంది. మీది ఎస్ఎస్‌డీ అయితే ఆ తరలింపు సహించదగినంత వేగంగా జరుగుతుంది. హార్డ్ డిస్క్ అయితే మాత్రం 8 జీబీ ర్యామ్‌తో పెద్ద గేమ్‌ను పక్కన ఉంచుకోవడం కంటే, సేవ్ చేసి మూసి మళ్లీ తెరుచుకోవడమే త్వరగా అవుతుంది. ల్యాప్‌టాప్‌లో రెండో ర్యామ్ స్లాట్ ఖాళీగా ఉందేమో టాస్క్ మేనేజర్‌లో మెమరీ పేజీ చూస్తే తెలుస్తుంది. ఉంటే, మీ డబ్బును కూలింగ్ ప్యాడ్ మీద కాకుండా ఇంకో 8 జీబీ ర్యామ్ మీద పెట్టమని చెబుతాను.

ఆన్‌లైన్ ఆటల మీద సస్పెండ్ ప్రయోగించకండి. అవతలి సర్వర్‌కు మీ నుంచి జవాబు అందకపోతే కాసేపట్లో సంబంధం తెంచేస్తుంది, మోసాన్ని పట్టే యాంటీ చీట్ ఉన్న ఆటలో ప్రాసెస్‌ను బయటినుంచి బిగించడం అనుమానాస్పదంగా కనిపిస్తుంది. మైన్‌క్రాఫ్ట్ సర్వర్లలో ఖాళీగా నిలబడినవారిని ఎన్ని నిమిషాలకు బయటికి పంపాలో నిర్వాహకుడు నిర్ణయించుకోవచ్చు. కీని ఎవరో నొక్కుతున్నట్టు భ్రమ కల్పించే సాఫ్ట్‌వేర్‌తో దాన్ని తప్పించుకోవడం సరికాదు. ఆ సర్వర్ నియమాలు చదివి, అనుమతి లేకపోతే ఫార్మ్‌ను మీ సొంత లోకంలోనే నడుపుకోండి.

చివరగా కరెంటు. సస్పెండ్ చేసిన ఆటైనా, నడుస్తున్న ఆటైనా ర్యామ్‌లోనే ఉంటుంది కాబట్టి, యూపీఎస్ లేని డెస్క్‌టాప్‌లో కరెంటు పోయిన క్షణమే పోతుంది. మీది ల్యాప్‌టాప్ కాబట్టి బ్యాటరీ ఆదుకుంటుంది, కానీ ఫార్మ్ నడుస్తుండగా మూత వేస్తే నిద్రలోకి వెళ్లి ఫార్మ్ కూడా ఆగిపోతుంది. పవర్ సెట్టింగుల్లో ఛార్జింగ్‌లో ఉన్నప్పుడు నిద్రపోయే సమయాన్ని మాత్రమే పొడిగించండి, బ్యాటరీమీద ఉన్నప్పటి సమయాన్ని ముట్టుకోకండి. తెర ఆరిపోయేలా పెట్టుకోవచ్చు, దానివల్ల చెరకుకు నష్టం ఉండదు.