ఆస్బెస్టాస్ గనుల కథలో రెండు వైపులా ఒకే నటుడు

పాఠకుల ప్రశ్నలు - జవాబులు

పోయిన సంచికలో కెనడాలోని క్యూబెక్ నుంచి వచ్చిన ఫ్రెంచ్ సినిమా 'మోన్ ఓంక్ల్ ఆంత్వాన్' (1971) గురించి ఈ పేజీలో క్లుప్తంగా రాశాను. ఆంత్వాన్ మావయ్య వేషం వేసిన జాఁ డ్యూసెప్ గురించి అడుగుతూ చాలా ఉత్తరాలు వచ్చాయి. నాకు ప్రాణమైన నటుడు కాబట్టి ఈసారి పేజీ అంతా ఆయనకే.

ప్రశ్న: మీరు రాశాక ఆ సినిమా చూశానండీ. అంతసేపూ నవ్విస్తూ తిరిగిన ఆంత్వాన్ చివర్లో మంచులో కూలబడి ఏడుస్తాడు కదా, అది కాస్త ఓవర్‌గా లేదా? జాలి వేసింది గానీ నమ్మబుద్ధి కాలేదు.

జవాబు: నాకలా అనిపించలేదండీ. ఆ ఏడుపుకి డ్యూసెప్ సినిమా మొదటి నుంచీ దారి వేసుకుంటూ వచ్చారని నా ఉద్దేశం.

చూడనివాళ్ల కోసం కథ కొంచెం చెబుతాను. 1940ల నాటి సంగతి. ఆస్బెస్టాస్ గనులున్న ఊరు, క్రిస్మస్ ముందు రోజు. ఆంత్వాన్‌కి ఊరి మధ్యలో పెద్ద కొట్టుంది. మేకుల దగ్గర్నుంచి పెళ్లికూతురి మేలిముసుగు దాకా అన్నీ అక్కడే కొంటారు. ఊళ్లో ఎవరైనా పోతే శవానికి బట్టలు తొడిగి, పెట్టెలో పెట్టి సాగనంపేదీ ఆంత్వానే. అతని దగ్గర పెరుగుతున్న కుర్రాడు బెన్వా. మనం ఈ లోకాన్నంతా ఆ పిల్లాడి కళ్లతోనే చూస్తాం.

సినిమా మొదట్లో ఒక చావు ఉంటుంది. చివరి చూపులు అయిపోయి జనం కదిలాక, ఆంత్వాన్, గుమాస్తా ఫెర్నాఁ కలిసి శవం చేతుల్లోంచి జపమాల తీసేస్తారు, ఒంటిమీది సూటు కూడా ఊడదీస్తారు. ఆ సూటుకి ముందు భాగమే ఉంటుంది, వెనక ఏమీ ఉండదు. మళ్లీ ఇంకొకరికి పనికొస్తుందన్నమాట. డ్యూసెప్ ఇదంతా కొట్లో సరుకు సర్దుతున్నట్టే చేస్తారు. భయంగానీ భక్తిగానీ పైకి కనిపించవు. పక్కన మందు సీసా మాత్రం ఉంటుంది. అప్పటికి మనకది ముసలాయన సరదాలాగే తోస్తుంది.

క్రిస్మస్ రాత్రి ఊరవతల పూలాఁ వాళ్ల ఇంట్లో పెద్దకొడుకు పోయాడని కబురొస్తుంది. పిల్లాడి తండ్రి అప్పటికే దుంగలు కొట్టే పనికి అడవిలోకి వెళ్లిపోయి ఉంటాడు, ఇంట్లో తల్లి, మిగతా పిల్లలు. మావయ్యా మేనల్లుడూ గుర్రపు బండి మీద మంచుతుఫానులో బయల్దేరతారు. మంచు మీద జారుతూ పోయే, చక్రాల్లేని బండి అది. ఆ ఇంట్లో ఆంత్వాన్ ముందు కూర్చుని కడుపునిండా తింటాడు. ఆ తినడం చూసి బెన్వాకి ఒళ్లు జలదరిస్తుంది, మనకీ జలదరిస్తుంది. తిరుగు ప్రయాణంలో ఆంత్వాన్ తాగి జోగుతుంటాడు. కుర్రాడు గుర్రాన్ని ఉరికించేసరికి శవపేటిక జారి మంచులో పడుతుంది. లేపి, సాయం పట్టమంటే ఆ మనిషికి నిలబడే ఓపిక కూడా ఉండదు. అప్పుడు బయటపెడతాడు: శవాలంటే తనకి భయమని, ఈ ఊరూ ఈ బతుకూ ఏనాడూ ఇష్టం లేవని, అమెరికా వెళ్లి హోటల్ పెట్టుకోవాలనుకున్నానని, పిల్లలు కూడా పుట్టలేదని.

ఇప్పుడు మొదటి సీన్ మళ్లీ చూడండి. ఆ సీసా సరదాకి కాదు. ఆ తిండి కూడా నాకు ఆకలిగా కనిపించదు, శవం ఉన్న గదిలోకి వెళ్లడాన్ని వాయిదా వేసుకోవడంలాగా కనిపిస్తుంది. ఇంకో సంగతి గమనించండి. ఏడ్చేటప్పుడు డ్యూసెప్ ఆంత్వాన్‌ని మంచివాణ్ణి చేయరు. పెట్టె అక్కడే పడి ఉంటుంది, పిల్లాడు ఒంటరిగా తంటాలు పడుతుంటాడు, ఈ పెద్దమనిషి తన గోడు తను చెప్పుకుంటూ ఉంటాడు. మీకు జాలి వేసినా నమ్మబుద్ధి కాలేదన్నారు. ఆ జాలిలో కాస్త చిరాకు కూడా కలిసిందేమో ఆలోచించండి. బెన్వాకి కలిగింది అదే. ఆ ఏడాది కెనడియన్ ఫిల్మ్ అవార్డుల్లో ఉత్తమ నటుడి బహుమతి డ్యూసెప్‌కే వచ్చింది.

ప్రశ్న: డ్యూసెప్ సినిమా నటుడా, నాటకాల మనిషా?

జవాబు: నాటకాల మనిషి. 1923లో మాంట్రియల్‌లో పుట్టారు. 1940ల్లో ఆర్కేడ్ థియేటర్‌లో వేషాలు వేశారు. వారానికో కొత్త నాటకం దించే చోటు అది. ఈ వారం పోర్షన్ రాత్రి ఆడుతూ, వచ్చే వారం పోర్షన్ పగలు బట్టీ పట్టాలి. పాత్రని నెలలపాటు నానబెట్టుకునే తీరిక ఎవరికీ ఉండదు. మనిషిని చూడగానే పట్టుకునే గుణం ఆయనకి అక్కడే వచ్చిందని నేను నమ్ముతాను.

మాంట్రియల్‌లో టీవీ 1952లో మొదలైంది. మరుసటి ఏడే రొజే లెమ్లాఁ రాసిన 'లా ఫామీ ప్లూఫ్' సీరియల్ వచ్చింది. క్యూబెక్ సిటీలోని ఒక కార్మిక కుటుంబం కథ. అందులో స్టాన్ లబ్రీ వేషం డ్యూసెప్‌ది. అంతా లైవ్, రీటేక్ అన్న మాటే లేదు. 1954 నుంచి అదే ఎపిసోడ్‌ని దాదాపు అదే తారాగణం ఫ్రెంచ్‌లో ఒకసారి, ఇంగ్లిష్‌లో ఇంకోసారి ఆడేవారు. ఫ్రెంచ్‌లో పేలిన జోకు ఇంగ్లిష్‌లో అదే చోట పేలదు కదా! ఆ టెన్షన్‌లో ఐదారేళ్లు పనిచేసినవాళ్లు ఇక కెమెరాకి భయపడతారా?

1958 డిసెంబరు చివర్లో, ఆ సీరియల్ వేసే ప్రభుత్వ ఫ్రెంచ్ ప్రసార సంస్థ రేడియో-కెనడాలో ప్రొడ్యూసర్లు సమ్మె కట్టారు. అది 1959 మార్చి దాకా సాగింది. అప్పుడు నటుల సంఘానికి అధ్యక్షుడు డ్యూసెప్. నటులు సమ్మెదారుల పక్షాన నిలబడ్డారు. పేరున్న టీవీ నటుడు తన అన్నం పెట్టే సంస్థ గేటు బయట నిలబడటం చిన్న విషయం కాదు. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, కింది జవాబులో పనికొస్తుంది.

ప్రశ్న: నేను అప్పుడప్పుడు స్టేజీ మీద వేస్తుంటాను. ఏ వేషమైనా వేయగల నటుడు అంటారు కదా, అలాంటివాళ్లు గొంతు, నడక, మేకప్ అన్నీ మార్చేస్తారా? డ్యూసెప్ ఏం చేసేవారు?

జవాబు: ఈ ప్రశ్న కోసమే పేజీ అంతా రాస్తున్నానేమో.

ముందు ఒక చరిత్ర. 1949 ఫిబ్రవరిలో క్యూబెక్ ఆస్బెస్టాస్ గనుల్లో సుమారు 5,000 మంది కార్మికులు సమ్మెకి దిగారు. జీతాలు పెంచమన్నారు, ఊపిరితిత్తుల్ని తినేస్తున్న ఆ ధూళిని అదుపు చేయమన్నారు. అప్పటి క్యూబెక్ ప్రీమియర్ (మన ముఖ్యమంత్రి లాంటి పదవి) మోరిస్ డుప్లెసీ కంపెనీల వైపు నిలబడి పోలీసుల్ని దించాడు. జనం ఆయన్ని 'షెఫ్' అనేవారు, అంటే పెద్దాయన. మాంట్రియల్ ఆర్చిబిషప్ జోసెఫ్ షార్బొన్నో మాత్రం కార్మికుల పక్షం మాట్లాడారు, వాళ్ల కుటుంబాల కోసం చర్చిల దగ్గర చందాలు పోగు చేయించారు. 1950 మొదట్లో ఆయన పదవి వదిలి దేశం అవతలి కొసన ఉన్న విక్టోరియాకి వెళ్లిపోవాల్సి వచ్చింది. ఈ ఇద్దరి గొడవే 'షార్బొన్నో ఎ ల షెఫ్' నాటకం. జాన్ మెక్‌డొనా ఇంగ్లిష్‌లో రాస్తే పోల్ ఎబేర్, పియేర్ మొరెన్సీ ఫ్రెంచ్‌లోకి తెచ్చారు. 1970ల మొదట్లో అది క్యూబెక్ రంగస్థలం మీదికి వచ్చింది. అందులో డ్యూసెప్ వేసింది ఆర్చిబిషప్ వేషం కాదు, డుప్లెసీ వేషం.

ఆంత్వాన్ సినిమా నడిచేది ఆ సమ్మెకి కాస్త ముందు, అవే గనుల ఊళ్లో. తీసింది థెట్‌ఫర్డ్ మైన్స్ పక్కనున్న బ్లాక్ లేక్‌లో. అంటే ఒకే కాలంలో ఒకే నటుడు ఒకే కథలోని రెండు కొసలూ పట్టుకున్నారు. ఇటు గని కార్మికులకి మేకులమ్మి, వాళ్ల శవాల్ని మోసే తాగుబోతు కొట్టువాడు. అటు ఆ కార్మికుల మీదికి పోలీసుల్ని తోలిన నాయకుడు. పైగా సమ్మె శిబిరంలో నిజంగా నిలబడిన మనిషి సమ్మెను అణిచినవాడి వేషం వేశారు.

శరీరం మాత్రం అదే. అదే బొద్దు మనిషి, అదే గుండ్రటి ముఖం. దాన్ని దాచుకునే ప్రయత్నం ఆయన చేయలేదు. ఆంత్వాన్‌లో ఆ బరువు ఆయన్ని కిందికి లాగుతుంది, కుర్చీలోంచి లేవడమే ఒక పని. అదే బరువుని అధికారంలో ఉన్నవాడికి పెడితే ఎదుటివాడు తప్పుకుని దారి ఇస్తాడు. తేడా అల్లా ఆ మనిషి గదిలో ఎవరికి భయపడుతున్నాడన్నది. మీరు తర్వాతి వేషానికి గొంతు వెతుక్కునే ముందు ఇది తేల్చుకోండి: మీ పాత్ర ఎవరి ముందు తలొంచుతుంది, ఎవరి ముందు వంచదు? నడక దానంతటదే వస్తుంది.

ఇంకొకటి. దుర్మార్గుడి వేషం వేసేటప్పుడు 'నేను ఇలాంటివాణ్ణి కాదు సుమా' అని ప్రేక్షకుడికి కన్నుగీటే నటులుంటారు. దయచేసి అలా చేయకండి.

ప్రశ్న: క్యూబెక్ రాజకీయాల్లో జిల్ డ్యూసెప్ అనే పేరు విన్నాను. చుట్టమా?

జవాబు: కొడుకు. క్యూబెక్ స్వతంత్రం కోరే బ్లాక్ కెబెక్వా పార్టీకి 1997 నుంచి 2011 దాకా నాయకుడు. తండ్రి కూడా స్వతంత్ర క్యూబెక్ కావాలని బహిరంగంగా చెప్పినవారే.

ప్రశ్న: ఆ సినిమా దర్శకుడు క్లోద్ జుత్రా మీద తీవ్రమైన ఆరోపణలు వచ్చాయట కదా. అయినా చూడమంటారా?

జవాబు: వచ్చాయి. ఆయన చనిపోయి దాదాపు 30 ఏళ్లయ్యాక, 2016లో, మైనర్లని లైంగికంగా వాడుకున్నాడన్న ఆరోపణలు బయటికొచ్చాయి. ఆయన పేరు మీదున్న క్యూబెక్ సినిమా అవార్డులకి ఆ పేరు తీసేశారు. సరైన పనే చేశారు. ఫెర్నాఁగా తెర మీద కనిపించేది కూడా ఆయనే కాబట్టి చూసేవాళ్లకి అది ఇబ్బందే. చూడలేనంటే మిమ్మల్ని నేను తప్పుపట్టను. డ్యూసెప్, అత్తగా వేసిన ఒలివెట్ తిబో, పిల్లాణ్ణి పోగొట్టుకున్న తల్లిగా ఎలెన్ లువాజెల్, కెమెరా పట్టిన మిషెల్ బ్రో, వీళ్ల పని కోసం నేను ఇంకా చూస్తూనే ఉన్నాను.

ప్రశ్న: ఆయన సొంత నాటక కంపెనీ గురించి చెప్పండి. సినిమా ఎలా చూస్తే మంచిది?

జవాబు: 1973లో మాంట్రియల్‌లో కంపెనీ పెట్టారు. ప్లాస్ దేజార్ అనే కళాకేంద్రంలోని పోర్ రాయల్ హాల్లో ఆడేవారు. మామూలు ఉద్యోగస్తులు కూడా సాయంత్రం టికెట్ కొనుక్కుని వచ్చి చూసే నాటకాలు కావాలన్నది ఆయన పట్టు. ఆర్థర్ మిల్లర్ నాటకం 'డెత్ ఆఫ్ ఎ సేల్స్‌మన్'లోని విల్లీ లోమన్ వేషం, వయసు పైబడి ఉద్యోగం పోగొట్టుకునే ఆ సేల్స్‌మన్ వేషం, డ్యూసెప్ పేరు చెప్తే అక్కడివాళ్లు మొదట తలుచుకునేవాటిలో ఒకటి. 1990 డిసెంబరులో పోయారు. తర్వాత కంపెనీని నటుడు మిషెల్ ద్యుమోఁ చాలా ఏళ్లు నడిపించారు. ఆ హాలుకి ఇప్పుడు డ్యూసెప్ పేరే.

సినిమాకి ఇంగ్లిష్ డబ్బింగ్ ప్రింటు కూడా ఉంది. అది వద్దండీ. ఫ్రెంచ్‌లోనే, సబ్‌టైటిల్స్ పెట్టుకుని చూడండి. ఆ మంచు సీన్లో ముఖం సగం చీకట్లో ఉంటుంది, నటనంతా గొంతులోనే ఉంది.