బ్యాకప్ ఉంది, కానీ ఫోను తెరుచుకోవడం లేదు

ప్రశ్న: కొత్త కెర్నల్ (సిస్టమ్‌కు గుండెకాయలాంటి ప్రోగ్రాము) ఫ్లాష్ చేశాక, అంటే ఫోనులోకి ఎక్కించాక, నా ఫోను లోగో దగ్గరే ఆగిపోతోంది. బ్యాకప్‌లకు, రిపేర్లకు వాడే టీడబ్ల్యూఆర్‌పీ రికవరీ తెర కూడా రావడం లేదు. ముందు తీసిన బ్యాకప్ ల్యాప్‌టాప్‌లో ఉంది. అందులోని 'బూట్.ఈఎంఎంసీ.విన్' ఫైలును ఇమేజి ఫైలుగా మార్చడమెలా? షాపులో డేటా మొత్తం పోతుందన్నారు. చనిపోయిన మా నాన్నగారి గొంతు రికార్డింగులు అందులోనే ఉన్నాయి. చాలా టెన్షన్‌గా ఉంది.
– ఒక పాఠకురాలు, ఉప్పల్, హైదరాబాద్

జవాబు: ముందు ఒక్క మాటమ్మా. డేటా ఫార్మాట్ చేయమని ఎవరు చెప్పినా, ఫోనే అడిగినా ఒప్పుకోకండి. బూట్‌లోడర్ (ఫోను ఆన్ కాగానే మొదట నడిచే ప్రోగ్రాము) మళ్లీ లాక్ చేయకండి, చేస్తే డేటా చెరిగిపోతుంది. ఫోను స్టోరేజి పార్టిషన్లనే గదులుగా ఉంటుంది. పాడైంది బూట్ పార్టిషన్, నాన్నగారి గొంతు ఉన్నది డేటా పార్టిషన్‌లో. నేను జగదీశ్ మార్కెట్‌లో రిపేరు బల్ల ముందు కూర్చున్న రోజుల్లో, పని త్వరగా తెమలాలని డేటా తుడిచేసి ఫోను చేతిలో పెట్టేవాళ్లను చూశాను. ఆ కోపం నాకింకా పోలేదు.

మీది ఏ, బీ స్లాట్ల ఫోను, అంటే సిస్టమ్ భాగాలు రెండేసి ఉండేది అనుకుంటాను. 2016లో ఆండ్రాయిడ్ 7తో వచ్చిన ఈ పద్ధతిలో చాలా ఫోన్లకు రికవరీ వేరుగా ఉండదు, బూట్‌లోనే ఉంటుంది. అందుకే రెండూ ఒకేసారి పోయాయి.

ఇక మీ ఫైలు సంగతి. అందులో మార్చడానికేమీ లేదు. అది బూట్ పార్టిషన్‌కు ఉన్నదున్నట్టు తీసిన నకలు. దానికి ఇంకో కాపీ తీసి, ఆ కాపీకి 'బూట్.ఐఎంజీ' అని పేరు పెట్టండి. హెక్స్ ఎడిటర్‌లో (ఫైలులోని బైట్లను నేరుగా చూపే ప్రోగ్రాము) తెరిస్తే మొదటి 8 బైట్లలో ఇంగ్లీషు పెద్ద అక్షరాల్లో 'ఆండ్రాయిడ్', పక్కనే ఆశ్చర్యార్థకం కనిపించాలి. కనిపించకపోతే ఆగిపోండి. (సిస్టమ్ బ్యాకప్‌కు ఈ కిటుకు పనిచేయదు, అది చాలా ఫైళ్లను ఒకటిగా కట్టిన టార్ మూట.)

బ్యాకప్ తీశాక సిస్టమ్ అప్‌డేట్ చేశారా? చేసి ఉంటే ఈ ఫైలు వద్దు. పాత బూట్‌తో డేటా తాళం తెరుచుకోకపోవచ్చు. ఇప్పుడు ఫోనులో ఉన్న బిల్డ్ నంబరు (సిస్టమ్ వెర్షన్ గుర్తు) ఉన్న ఫర్మ్‌వేర్‌లోంచే, అంటే ఫోను పూర్తి సాఫ్ట్‌వేర్ ప్యాకేజీలోంచే బూట్ ఇమేజి తీసుకోండి.

తర్వాత ఫోనును ఫాస్ట్‌బూట్ మోడ్‌లో (ల్యాప్‌టాప్ నుంచి కమాండ్లు తీసుకునే స్థితి) ల్యాప్‌టాప్‌కు కలిపి, 'ఫ్లాష్' కమాండ్ కాకుండా 'ఫాస్ట్‌బూట్ బూట్ బూట్.ఐఎంజీ' ఇవ్వండి. ఇది పార్టిషన్ మీద ఏమీ రాయదు, ఆ ఒక్కసారికి ఇమేజిని ర్యామ్‌లోంచి నడిపిస్తుంది. కొన్ని ఫోన్లు ఈ కమాండ్ ఒప్పుకోవు, వాటికి నేరుగా ఫ్లాష్ చేయక తప్పదు. ఫోను తెరుచుకోగానే ఇంకేమీ ముట్టుకోకుండా రికార్డింగులు ల్యాప్‌టాప్‌లోకి దింపుకోండి. ఒకటి రెండు తెరిచి వినండి. అప్పుడు 'ఫాస్ట్‌బూట్ ఫ్లాష్ బూట్ బూట్.ఐఎంజీ' కొట్టండి.